జానెడు ఫిలిం

మా ఆయన ముఖం నాకు గుర్తున్నది వెలుగు వెనకాలే. ఆయన టూరింగ్ టాకీసులో ఆపరేటరు. కోనసీమలో ఊరూరా డేరా వేసే కంపెనీ అది. మెషీను మాత్రం రేకుల గదిలో ఉండేది. డేరాలో జనమంతా ముందున్న తెర చూస్తుంటే, కొత్తగా కాపురానికి వచ్చిన నేను నేల టిక్కెట్టు వాళ్ళ మధ్య కూర్చుని వెనక్కి తిరిగి చూసేదాన్ని. రేకుల గదికి రెండు చిన్న కన్నాలు. ఒకదాంట్లోంచి వెలుగు వచ్చేది, రెండో దాంట్లోంచి ఆయన చూసేవారు. మెషీనులో మండే కార్బన్ పుల్లల వెలుగులో ఆయన చెంప ఒకటీ, కన్ను ఒకటీ కనపడేవి. అంతే. నాకు అదే సినిమా.

ఆట వదిలేశాక తిట్టేవారు.

"ఎనక్కి తిరిగి ఏం సూత్తావే? బొమ్మ ముందాడతంటే."

"నా బొమ్మ ఎనకాలే ఉంది మరి."

"ఓసోస్. అమ్మేది గోళీ సోడాలు, మాటలు మాత్రం హీరోయిన్ మాటలు."

సోడాలు అమ్మడం నిజమే. ఇంటర్వెల్లో డేరా అంతా వినపడాలని "సోడా, సోడా" అని అరిచీ అరిచీ నా గొంతు గరుకెక్కిపోయింది. ఇక మళ్ళీ మామూలవలేదు. నేను చెబుతుంటే రాసిపెడుతున్నావిడ కూడా మధ్యమధ్యలో మంచినీళ్ళు తాగమంటోంది.

ఆయన పోయి చాలా ఏళ్ళయింది. ఫొటో అంటూ ఉన్నది రేషను కార్డు కోసం తీయించిందొక్కటే. అందులో ఎవరో గదమాయిస్తే బెదిరినట్టుంటారు. నాకు కావలసింది ఆ మనిషి కాదు. కన్నంలోంచి చూసే మనిషి. ఆ ముఖాన్ని ఎవరూ ఫొటో తీయలేదు. సినిమా ఆడించేవాడికి సినిమా ఎవరు తీస్తారు?

ఆయన పోయాక ఇంటిపనికి జెద్దా వచ్చాను. ఇక్కడ నాతో కలిసి పనిచేసిన ఫిలిప్పీన్స్ అక్క సంగతి చెప్పాలని కూర్చున్నాను. ఆమె సంగతి చెప్పాలంటే ముందు వాళ్ళ తాత సంగతి రావాలి. ఆయన సినిమా యాక్టరు. వాళ్ళ దేశంలో సినిమా పుట్టిన కొత్తలో యాక్టరు.

ఆ ఇంట్లో అక్కకి వంటా, పెద్ద మామా పనీ. పెద్ద మామా అంటే మమ్మల్ని పనికి తెచ్చుకున్న కఫీలు తల్లి, ముసలావిడ, మోకాళ్ళ నొప్పులు. నాకు ఉతుకూ ఇస్త్రీ. మేడ మీద బట్టలుతికే గది, దాని పక్కనే మేమిద్దరం పడుకునే గది. అక్క నాకంటే కొన్నేళ్ళు పెద్దది. నేను అక్కా అంటే తను చెల్లీ అనడం నేర్చుకుంది. మిగతాదంతా వంటింటి అరబ్బీ. రా, పో, ఉప్పు, తొందరగా, అయిపోయింది. ఈ కాసిని మాటల్తోనే చావులూ పెళ్ళిళ్ళూ అన్నీ చెప్పుకున్నాం. ఎలా చెప్పుకున్నామంటే నాకే తెలియదు. నాకు గుర్తున్నదంతా తెలుగులోనే ఉంది, అలాగే చెబుతాను.

ఒక మధ్యాహ్నం నేను తోబులు ఇస్త్రీ చేస్తున్నాను. తోబంటే ఇక్కడి మగవాళ్ళు తొడిగే తెల్లటి పొడుగు చొక్కా. అక్క పిప్పరమెంట్ల రేకు డబ్బా ఒకటి తెచ్చి నా ముందు మూత తీసింది. లోపల చేతిరుమాలు. రుమాల్లో జానెడు ఫిలిం ముక్క.

నేను ఇస్త్రీ పెట్టె నిలబెట్టేసి, చేతులు తుడుచుకుని, ముక్కని రెండంచులా పట్టుకుని పైకి తీశాను. బొమ్మ మీద వేలు పడకుండా.

అక్క నా వేళ్ళ వంక చూసింది. "నీకు పట్టుకోవడం ఎలా తెలుసే?"

"మా ఆయన బతుకంతా దీంతోనే గడిచిందక్కా."

కిటికీ వెలుగుకి పెట్టి చూశాను. నిలువునా చిన్న చిన్న గడులు, గడిగడికీ ఒకటే మనిషి. టోపీ, సన్నటి మీసం, ఇటు తిరిగి చూస్తున్న చూపు. ముఖం బియ్యపు గింజంత. పై నుంచి కిందికి ఒక్కో గడీ చూసుకుంటూ వస్తే మధ్యలో కళ్ళు సన్నబడ్డాయి, మూతబడ్డాయి, మళ్ళీ తెరుచుకున్నాయి.

"రెప్ప వేస్తున్నాడక్కా ఈయన!"

తను నమ్మలేదు. నా చేతిలోంచి తీసుకుని కిటికీ దగ్గర చాలాసేపు నిలబడింది. చిన్నప్పటి నుంచీ చూస్తున్నా, అన్నీ ఒకటే బొమ్మ అనుకుందట.

"మా తాత," అంది. "ఇన్ని సినిమాల్లో చేశాడు. మిగిలింది ఈ రెప్పపాటు."

ఆ తరవాత రోజుల్లో ముక్కలు ముక్కలుగా చెప్పింది ఆయన కథ. రంజాను నెల వచ్చింది, సంబూసాలు, అదే ఇక్కడి సమోసాలు, చుట్టే పని సాయంత్రం దాకా ఉండేది. పిండి చేతుల్తోనే చెప్పేది.

తాతది ఎక్కడో చిన్న లంక. మా గోదావరి లంకల్లాంటిదనుకున్నాను నేను. కాదట, నడిసముద్రంలో ఉంటుందట. పడవల్లోంచి ఎండుకొబ్బరి దింపే పనికని పట్నం వచ్చి, పాటల నాటకాల కంపెనీలో తెర లాగే వాడిగా చేరాడు. అప్పుడే చేత్తో తిప్పే కెమెరా పట్టుకుని సినిమా వాళ్ళొచ్చారు. గుర్రం మీంచి పడేవాడు కావాలన్నారు. నాటకం హీరో పడనన్నాడు. తెర లాగేవాడు పడ్డాడు. బాగా రాలేదు మళ్ళీ పడమన్నారు. మళ్ళీ పడ్డాడు. పడ్డప్పుడల్లా దుమ్ము దులుపుకుని నవ్వుతూ లేచేవాడట. ఆ నవ్వు నచ్చి కెమెరా ముందుకి తెచ్చేశారు.

మాటల్లేని సినిమాలు అవి. తెర కింద బ్యాండు వాళ్ళు కూర్చుని వాయించేవారు. తాత తెర మీదకి వస్తే ఆడవాళ్ళు పూలు విసిరేవారట.

"మా వాళ్ళూ అంతే అక్కా. చిల్లర కూడా ఇసిరేవోళ్ళు. ఆట అయ్యాక ఎవడు ఊడుస్తాడో ఆడిదే అదృష్టం."

"మీ ఆయన ఊడ్చేవాడా?"

"ఆయన కిందికి దిగొచ్చేసరికి నేనే ఊడ్చేసేదాన్ని."

ఇద్దరం ఎంత నవ్వామంటే లోపల్నుంచి పెద్ద మామా కేకేసింది, ఉపవాసం ఉన్నవాళ్ళ ముందు ఆ నవ్వులేమిటని.

తరవాత మాటలొచ్చాయి సినిమాకి. అక్కడ పడ్డాడు తాత, గుర్రం మీంచి కాదు. ఆయన నాలుక లంక నాలుక. మొదటి మాటల సినిమాలో హీరోయిన్ చెయ్యి పట్టుకుని ఏదో అన్నాడు, హాలంతా గొల్లుమంది.

"ఏమన్నాడంట?"

"నిన్ను పెళ్ళి చేసుకుంటాను అన్నాడంట. అంతే. ఆ మాటకే నవ్వారు."

మరుసటి సినిమాకి మీసం సన్నగా గొరిగి, టోపీ పెట్టి, దుర్మార్గుడి పక్కన నిలబెట్టారు. మాట్లాడక్కర్లేదు, చూస్తే చాలన్నారు. చూశాడు. ఆ చూపుకి హాల్లో పిల్లలు ఏడ్చేవారట. అది మొదలు ఆయన బతుకంతా అదే వేషం. బజారుకి వెళితే కోళ్ళమ్మే ఆవిడ బుట్ట తీసుకుని వీపు మీద బాదింది, ఆ పిల్లని ఎందుకు ఎత్తుకుపోయావురా అని. ఆయన నవ్వుకుంటూ ఇంటికొచ్చి, కూతురి ముందు అదే చూపు చూసేవాడు. ఆ పిల్ల ఏడవలేదు. పడీ పడీ నవ్వేది. భుజాల మీద ఎక్కించుకుని తిప్పుతుంటే పడిపోకుండా రెండు చెవులూ పట్టుకునేది. "నా కళ్ళెం గట్టిగా పట్టుకో" అనేవాడట, గుర్రంలా ఎగురుతూ. ఆ పిల్లే మా అక్కకి అమ్మ.

యుద్ధం వచ్చింది. సినిమాలు ఆగిపోయాయి. హాళ్ళలో తెర ఎత్తేసి పాటలూ ఆటలూ పెట్టారు. తాత పాటకీ పాటకీ మధ్య వచ్చి పడిపోయి లేచి నవ్వించేవాడు. ఒకరోజు బియ్యం తెస్తానని వెళ్ళాడు. రాలేదు. ఆ తరవాత పట్నం తగలబడింది, సినిమా కంపెనీ తగలబడింది, అందులో ఆయన సినిమాలన్నీ పోయాయి. ఎక్కడో అక్కడక్కడ మిగిలిన పాత రీళ్ళు కూడా దక్కలేదు. కొత్త సంవత్సరానికి పిల్లలు ఊదే బూరలు ఆ ఫిలింతో చుట్టేవారట. తాత ముఖాన్ని ఎంతమంది పిల్లలు ఊదారో అంది.

"మా దగ్గర గాజులు చేసేవాళ్ళక్కా. పాత రీళ్ళు గాజులకి పోయేవని మా ఆయన చెప్పేవారు."

ఆమె నా ఉత్త చేతుల వంక చూసి మళ్ళీ పిండిలోకి చూసింది.

ఆ జానెడు ముక్క ఎలా మిగిలిందంటే, ఫిలిం కత్తిరించే అతను కింద పడేసిందాన్ని తాతే తెచ్చి పెళ్ళానికి ఇచ్చాడు. పట్నం కాలిపోతుంటే ఆవిడ పిల్లని చంకనేసుకుని ఈ ముక్కని కొప్పులో దోపుకుని పరుగెత్తింది. ఇంకో ఫొటో లేదు. కూతురు పెద్దదై, పెళ్ళై, ముసలిదై, ఇన్నేళ్ళూ తండ్రిని బియ్యపు గింజంతే చూసింది.

ఇప్పుడు ఆ ముసలావిడ కళ్ళు పోతున్నాయి. కంట్లో నీటి ఒత్తిడి, పక్కల నుంచి చీకటి మూసుకొస్తోంది, మందులు పని చేయడం లేదు. డాక్టరు ఇక ఎక్కువ కాలం లేదన్నాడు. అక్క ఫోన్లో మాట్లాడినప్పుడల్లా ఆవిడ ఒకటే అడిగేది. గుడ్డిదాన్నయితే అయ్యాను, ఈలోగా మా నాన్నని ఒక్కసారి మనిషంత చూడాలి అని.

అక్క ఫోన్తో ఆ ముక్కని ఫొటో తీసింది. గీతలూ మసీ తప్ప ఏమీ రాలేదు. షరఫియా బజారులో ఫొటో షాపులో అడిగితే అలాంటి మెషీన్లు ఎప్పుడో తీసేశామన్నారు. తను పని ముగించుకుని ఎగ్జిట్ వీసా మీద ఇంటికి వెళ్ళిపోయే రోజు దగ్గర పడుతోంది. ఏం పట్టుకుని వెళ్ళనే అమ్మ దగ్గరికి అని ఏడ్చింది.

నా నోరు ఊరుకోలేదు. "మనిషంతేం ఖర్మ, గోడంత చూపిద్దాం. నాకో మాడిపోయిన బల్బు కావాలి."

కోనసీమలో పిల్లలందరికీ వచ్చిన ఆట అది. డేరా దగ్గర దొరికిన ఫిలిం ముక్కలు ఏరుకుని, చీకటి గదిలో పంచె కట్టి, బయట అద్దం పెట్టి ఎండని కన్నంలోంచి లోపలికి కొట్టి, కన్నానికీ నీళ్ళు నింపిన బల్బుకీ మధ్య ఫిలిం తలకిందులుగా పట్టుకుంటే పంచె మీద బొమ్మ పడుతుంది. పిల్లలకి మా ఆయనే నేర్పేవారు. ముక్కల్ని కూడా ఆయనే జేబులో వేసుకొచ్చి పంచేవారు.

రంజాను ముగిశాక ఒక శుక్రవారం సాయంత్రం ఇద్దరం షరఫియా వెళ్ళాం. కరెంటు సామాను కొట్టు, హైదరాబాదు ఆయనది.

"భాయ్, గుండ్రటి బల్బుందా? పాతరకం, లోపల తీగుంటాది సూడు, అది."

"అమ్మా, ఏ జమానాల ఉన్నరు మీరు? అంతా ఎల్ఈడీ ఇప్పుడు."

"ఎలగక్కర్లేదు బాబూ. మాడిపోయిందైనా పర్లేదు."

ఆయన కళ్ళద్దాలు పైకి తోసి నన్నూ అక్కనీ మార్చి మార్చి చూశాడు. "వెలగని బల్బు కావాల్నా? ఎందుకు?"

"లోపల నీళ్ళు పోసుకోడానికి."

"యా అల్లా! చేపలు పెంచుతరా ఏంది అండ్ల?"

నేను విషయం చెప్పాను. చెబుతుండగానే ఆయన ముఖం మారిపోయింది. "అరే, మేము గూడ చేసినమమ్మా చిన్నప్పుడు! దుప్పటి కట్టి! అమ్మీ అద్దం ఎత్కపోయిన, ఈపు పగిలింది." అని వెనక గదిలోకి వెళ్ళి దుమ్ము పట్టిన అట్టపెట్టెలోంచి రెండు బల్బులు తెచ్చాడు. పటకారు తీసుకుని, అడుగున ఉన్న నల్లటి గాజు పగలగొట్టి, లోపలి తీగంతా జాగ్రత్తగా లాగేసి ఇచ్చాడు. "బొమ్మ పడ్డంక నాకు చెప్పాలె" అన్నాడు. అక్కకి మా మాటలేమీ అర్థం కాలేదు. కానీ ఆ బల్బుని దారంతా ఒళ్ళో గుడ్డులా పెట్టుకుని వచ్చింది.

మర్నాడు భోజనాలయ్యాక ఇల్లంతా కునుకు తీసే వేళ మొదలుపెట్టాం. బట్టలుతికే గది కిటికీకి అట్ట అడ్డం పెట్టి కన్నం చేశాం. ఎదురు గోడకి తెల్ల దుప్పటి కట్టాం. అద్దం పట్టుకుని నేను బయట ఎండలో నిలబడ్డాను. అక్క లోపల బల్బూ ఫిలిమూ పట్టుకుంది.

"పడిందా?"

"పడింది! కానీ పొగలా ఉంది. ముఖం ఉందో లేదో తెలీట్లేదు."

"గది ఇంకా చీకటి చేయాలి."

"చీకటి చాల్లే, వెలుగు చాలట్లేదు." అంటూ తనే బయటికొచ్చి కిందికి పరుగెత్తింది. మేడం, అంటే కఫీలు భార్య, ముఖానికి రంగు వేసుకునే అద్దం తెచ్చింది, ముఖాన్ని పెద్దగా చూపించే రకం, నడుమ లోతుగా ఉంటుంది. "మేడం ముఖాన్ని ఇంత చేస్తోంది కదా, మా తాత ముఖాన్ని చెయ్యదా?"

నేనూ సరేనన్నాను. కన్నంలోంచి వెలుగు సూదిలా లోపలికి దిగింది. లోపల అక్క అరిచింది, సంతోషంతో. నాకు బయట్నుంచి దుప్పటి కనపడదు. కన్నం పక్కన సందులోంచి చూస్తే అక్క ముఖం కనపడింది. నోరు తెరుచుకుని, కళ్ళు నీళ్ళతో, గోడ వైపే చూస్తోంది. అలా చూస్తున్న మనుషుల్ని రోజూ మా ఆయన చూసేవారు కాబోలు. నేను ఆయన చోట నిలబడ్డాననిపించింది.

అంతలో కర్పూరం వాసన వేసింది.

"అక్కా, ఫిలిం లాగెయ్! లాగెయ్యే!"

తను లాగలేదు. నా మాట వినపడలేదో, విన్నా చూపు తిప్పుకోలేకపోయిందో. పుట్టాక మొదటిసారి తాతని గోడంత చూస్తోంది. నేను అద్దం కింద పడేసి లోపలికి దూకాను. ముక్క మధ్యలో ఒక గడి పొక్కి, గోధుమ రంగు బుడగై, చిట్లి కన్నం పడింది. అక్క వేలు కాలింది. ఆ పాతకాలం ఫిలిం అంటుకుంటే ముద్ద కర్పూరంలా పోతుందని మా ఆయన చెప్పేవారు. అంటుకునే లోపు బకెట్లో ముంచాను.

అక్క కూలబడి గుండెలు బాదుకుంది. "మా అమ్మ కోసం తెచ్చుకుని నేనే కాల్చేశానే! నేను చూసుకుంటూ నిలబడ్డానే!"

ఆ ఏడుపుకి పెద్ద మామా లిఫ్టులో పైకి వచ్చేసింది. కర్ర టకటకలాడించుకుంటూ గుమ్మంలో నిలబడి అడిగింది, ఏమిటీ కాలిన వాసన? మేడం అద్దం ఇక్కడెందుకుంది? మా ఇద్దరి పనీ అయిపోయిందనుకున్నాను. అక్క దాచకుండా అన్నీ చెప్పేసింది. తాతా, అమ్మా, కళ్ళూ. పెద్ద మామా విని, ఖాళీ బాల్చీ ఒకటి బోర్లించుకుని దాని మీద కూర్చుంది.

"నాకూ చూపించండి."

తడి ముక్కని రుమాలుతో అద్ది ఆరబెట్టాం. ఈసారి మామూలు అద్దాన్నే బట్టలారేసే స్టాండుకి క్లిప్పులతో బిగించి నేనూ లోపలికి వచ్చాను. మసక మసగ్గా దుప్పటి మీద ముఖం తేలింది. టోపీ, మీసం, ఆ చూపు.

పెద్ద మామా చటుక్కున తల మీది నల్ల ముసుగు ముఖం మీదకి లాక్కుంది. పరాయి మగాడు గదిలోకి వచ్చినట్టే.

నేను ఆపుకోలేకపోయాను. "మామా, ఆయన పోయి డెబ్భై ఎనభై ఏళ్ళయిందమ్మా."

ముసుగు లోపల్నుంచి నవ్వు వినపడింది. "నీ గాడిద గొంతుతో నువ్వు నాకు చెప్పక్కర్లేదు. చూపు చూడు వాడిది! బతికున్నవాడి చూపు." మెల్లగా ముసుగు తీసింది. చిన్నప్పుడు పాత జెద్దాలో పక్కింటి వాకిట్లో గోడ మీద సినిమా వేస్తే, పై అంతస్తు చెక్క కిటికీ సందుల్లోంచి ఆడపిల్లలంతా చూసేవారట. నాన్నకి తెలియకుండా. అప్పుడూ హీరో ఇటు తిరిగితే ముసుగు లాక్కునేవాళ్ళమని చెప్పింది. చెప్పి, "మీ అమ్మ చూడలేదు ఇది. బాగున్న నా కళ్ళకే ఆనట్లేదు" అంది అక్కతో.

నిజమే. వెలుగు తక్కువైతే ఆవిడకి ఆనదు, ఎక్కువైతే ఫిలిం కాలుతుంది. నేను ఇస్త్రీ బల్ల పట్టుకుని నిలబడ్డాను. మా ఆయన ఉంటే ఏం చేసేవారా అని ఆలోచించాను. ఉంటే నన్నిలా ఆలోచించనిచ్చేవారు కాదు, పక్కకి తప్పుకో అనేవారు. అలా తప్పుకోమనే మనిషి ఉంటే ఎంత బాగుండును. అప్పుడు గుర్తొచ్చింది ఆయన మాట. ఆయనకి పని నేర్పిన ముసలి ఆపరేటరు చేతులు కాలిన మచ్చలతో ఉండేవిట. ఆ ముసలాయన పాత ఫిలిం వేసేటప్పుడు దీపానికీ ఫిలింకీ మధ్య గాజు తొట్టిలో నీళ్ళు పెట్టేవాడట. ఎలుగుని ముందు నీళ్ళల్లో కడగాలే, అప్పుడు దాని వేడి పోతది, అని చెప్పేవారు మా ఆయన. అన్నం తింటూ చెప్పిన మాట. నేను అప్పుడు సరిగా వినను కూడా లేదు.

"మామా, చదరంగా ఉండే గాజు గిన్నె కావాలి. గోడలు నిటారుగా ఉండాలి."

పెద్ద మామా తన గదిలో పూలు పెట్టుకునే గాజు తొట్టి తెప్పించింది, పూలు కింద పారబోయించి. నీళ్ళు నింపి, కన్నానికీ ఫిలింకీ మధ్య పెట్టాం. బయట స్టాండుకి ఇంకో అద్దం కూడా బిగించి రెండు వెలుగుల్నీ ఒకే కన్నంలోకి తిప్పాను. దుప్పటి మీద ముఖం తేటగా వచ్చింది. అక్క మాటిమాటికీ ఫిలింని ముట్టుకుని చూస్తోంది. చల్లగానే ఉంది.

మెల్లగా ఒక్కో గడీ లాగింది. కళ్ళు తెరిచి ఉన్నాయి. సన్నబడ్డాయి. ఆ తరవాత కాలిన కన్నం, ఉత్త తెల్లటి వెలుగు. మళ్ళీ తెరుచుకుంటున్న కళ్ళు. పోయింది కళ్ళు మూసుకున్న గడి.

పెద్ద మామా నిట్టూర్చి, దేవుడు ఆయన్ని కరుణించాలి అంది. వెళుతూ వెళుతూ ఆ గాజు తొట్టి అక్క సంచిలో పెట్టమంది.

నెలాఖరుకి అక్క వెళ్ళిపోయింది. బల్బులని నా పాత స్వెటర్లో చుట్టి ఇచ్చాను. అప్పటి నుంచి పక్క మంచం ఖాళీ. కొన్నాళ్ళు నేను ఇస్త్రీ చేస్తూ చేస్తూ, "అక్కా, ఇది విన్నావా" అని పిలిచి, నాలుక కరుచుకునేదాన్ని.

ఒక ఉదయం ఫోన్లో వీడియో కాల్ వచ్చింది. ఇక్కడ ఎండ అప్పుడే ఎక్కుతోంది, అక్కడ పొద్దు వాలుతోంది. ఫోను అక్క మరదలి చేతిలో ఉంది. చీకటి గది. పేము కుర్చీలో ముసలావిడ, వక్కపలుకంత మనిషి, రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని బడిపిల్లలా కూర్చుంది. ఎదురుగా గోడకి దుప్పటి. బయట అక్క తమ్ముడు అద్దాలు పట్టుకున్నాడు, కన్నం దగ్గర అక్క ఉంది. తన గొంతు మాత్రం వినపడుతోంది.

దుప్పటి మీద ముఖం పడింది. నాకు ఇక్కడికే కనపడింది.

ముసలావిడ ఏదో అంది. అక్క కన్నం దగ్గర్నుంచే చెప్పింది. "ఏమీ లేదంటోంది చెల్లీ. తెల్లగా ఉంది అంటోంది."

నా చేతిలో ఇస్త్రీ పెట్టె అలాగే ఉండిపోయింది. "దగ్గరికి జరపండి కుర్చీ! నడుమ చూపు ఉంటాదేమో, పక్కలే కదా పోయింది!"

కుర్చీ ముందుకి జరిపారు. ఇంకా జరిపారు. ఆవిడ మోకాళ్ళు గోడకి తగిలేంత. తల అటూ ఇటూ తిప్పుతూ, ముక్కుతో వెతుకుతున్నట్టు, దుప్పటి మీద వెతికింది. టోపీ దగ్గర ఆగలేదు. మీసం దగ్గర ఆగలేదు. పక్కకి వెళ్ళి ఆగింది. చెయ్యి ఎత్తింది. చేతి నీడ తండ్రి చెంప మీద పడింది. రెండు వేళ్ళతో దుప్పటి మీద చెవిని పట్టుకుంది.

ఇక ఎవరూ నాకు మాట మార్చి చెప్పక్కర్లేదు.

ఆవిడ నవ్వింది. చిన్నపిల్ల నవ్వు. దుర్మార్గుడి చూపుకి అందరూ ఏడుస్తుంటే ఒక్కతే నవ్విన పిల్ల ఎలా నవ్వేదో అలాగే ఉండి ఉంటుంది. అక్క ఫిలింని మెల్లగా లాగింది. కళ్ళు సన్నబడ్డాయి, వెలుగు తెల్లగా మెరిసింది, మళ్ళీ కళ్ళు తెరుచుకున్నాయి. ముసలావిడ గట్టిగా ఏదో అంది.

"రెప్ప వేస్తాడన్నావు, కళ్ళు మూయడం లేదేంటి అంటోంది," అక్క అంది. "ఏం చెప్పనే?"

"నిన్నే చూత్తన్నాడని సెప్పు."

చెప్పింది. ముసలావిడ తల ఊపి, చెవి వదలకుండా, ఒక చిన్న మాట అంది. కదపకు, చూడనీ, అని.

అందరూ గోడ వైపే చూస్తున్నారు. అక్క మరదలు ఫోనుని గోడకి ఇంకా దగ్గరగా పెట్టింది, నాకు బాగా కనపడాలని. పాపం మంచి పిల్ల.

"వెనక్కి," అన్నాను. "వెనక్కి తిప్పమ్మా." ఆ పిల్లకి అరబ్బీ రాదు. ఇంగ్లీషులో బ్యాక్, బ్యాక్ అన్నాను. కనపడట్లేదనుకుని ఇంకా ముందుకి పెట్టింది. సోడాలమ్మిన గొంతంతా పెట్టి అరిచాను. "బ్యాక్!"

ఫోను వెనక్కి తిరిగింది.

చీకట్లో అట్టకి చేసిన కన్నం. నీళ్ళ తొట్టిలోంచి వస్తున్న వెలుగు, అందులో ఆడుతున్న దుమ్ము. దాని వెనకాల, ఊపిరి బిగబట్టి ఫిలిం పట్టుకున్న మనిషిది చెంప ఒకటీ, కన్ను ఒకటీ.

"ఏంటి చెల్లీ, ఇటు చూస్తావేంటి? బొమ్మ అటుంది కదా!" అంది అక్క.

ఇస్త్రీ పెట్టె నిలబెట్టి, ఆ కన్నం వైపే చూస్తూ నిలబడ్డాను.